పొట్టివాడు రగ్బీ ఆడగలడా? రాబ్ బరో ఆట చూసినవాళ్ళని అడగండి

"మా అబ్బాయికి పద్నాలుగేళ్ళు, కబడ్డీ అంటే ప్రాణం. ఎత్తు తక్కువని స్కూల్ టీమ్‌లోంచి తీసేశారు. మీద పడి లాక్కునే ఆటల్లో పొట్టివాళ్ళు నిజంగా పైకి రాగలరా?" అని మీరు అడిగారు.

రాగలరండీ. అలా వచ్చినవాడి ఆట నేను కళ్ళారా చూశాను. కబడ్డీలో కాదు, అంతకన్నా మొరటు ఆటలో. పేరు రాబ్ బరో. ఇంగ్లండ్‌లో రగ్బీ లీగ్ ఆడేవాడు. ఎత్తు 5 అడుగుల 5 అంగుళాలు, అంటే 165 సెంటీమీటర్లు. అక్కడి అగ్రశ్రేణి పోటీ సూపర్ లీగ్‌లో అందరికన్నా పొట్టి ఆటగాడని పేరు. అతని టీమ్‌లోనే ఆడిన జేమీ పీకాక్ ఇతని కన్నా దాదాపు ఒక అడుగు పొడుగు. అలాంటి వాళ్ళు ఎదురు టీమ్‌లో కూడా ఉంటారు, పరిగెత్తుకుంటూ వచ్చి మీద పడతారు. బరువుని బట్టి విభాగాలు ఉండవు. చిన్నవాడని ఎవరూ మెల్లగా పట్టుకోరు.

2001లో లీడ్స్ రైనోస్ టీమ్‌లోకి వచ్చాడు, ఆ ఏడాదే సూపర్ లీగ్ ఉత్తమ యువ ఆటగాడి అవార్డు తీసుకున్నాడు. 2017లో రిటైరయ్యేదాకా ఇంకో క్లబ్ గడప తొక్కలేదు. దాదాపు 500 మ్యాచ్‌లు, ఎనిమిది సూపర్ లీగ్ టైటిళ్ళు, రెండు ఛాలెంజ్ కప్పులు. లీడ్స్ వాళ్ళు 1972 తర్వాత మళ్ళీ ఛాంపియన్లు కాలేక 32 ఏళ్ళు ఎదురుచూశారు. 2004లో ఆ కరువు తీర్చిన టీమ్‌లో బరో ఉన్నాడు. ఇవన్నీ మీకు ఇంటర్నెట్‌లో దొరుకుతాయి. నేను చూసింది చెబుతాను.

ఉద్యోగం మీద లీడ్స్ వెళ్ళిన కొత్త అది. అక్కడ హెడింగ్లీ అనే పేట ఉంది. మనకి హెడింగ్లీ అంటే టెస్ట్ మ్యాచ్‌లే తెలుసు. ఆ క్రికెట్ గ్రౌండ్‌ని ఆనుకునే రైనోస్ రగ్బీ గ్రౌండ్ ఉంది, మధ్యలో ఒక స్టాండ్ రెంటికీ ఉమ్మడి. క్రికెట్ టికెట్ కోసం ఆరా తీస్తుంటే మా ఆఫీసులో ఒక పెద్దాయన, "అటువైపు కాదు, ఇటువైపు కూర్చో" అని పట్టుబట్టి రగ్బీ లీగ్ అలవాటు చేశారు. 2011 అక్టోబరు 8న, సూపర్ లీగ్ టైటిల్ ఎవరిదో తేల్చే గ్రాండ్ ఫైనల్‌కి ఆయన దగ్గర ఒక టికెట్ మిగిలింది. మాంచెస్టర్‌లో ఓల్డ్ ట్రాఫర్డ్, ఎదురు టీమ్ సెయింట్ హెలెన్స్. లీడ్స్ ఆ ఏడాది పాయింట్ల పట్టికలో ఐదో స్థానం. ఐదో స్థానం నుంచి అప్పటిదాకా ఎవరూ టైటిల్ గెలవలేదు.

మొదట బరో గ్రౌండ్‌లో లేడు, బెంచీ మీద ఉన్నాడు. పెద్ద పెద్ద ఫార్వర్డ్‌లు గుద్దుకుని గుద్దుకుని కాస్త అలిసిపోయాక దింపారు. ఈ ఆటలో ఒక టీమ్‌కి ఆరు ట్యాకిళ్ళ వరకే అవకాశం. దొరికిపోయినవాడు లేచి బంతిని కాలితో వెనక్కి నెడతాడు, వెనక వంగి ఉన్నవాడు అందుకుని మామూలుగా పక్కవాడికి పాస్ ఇస్తాడు. మైదానం మధ్య దగ్గర అలా బంతి బరో చేతికొచ్చింది. పాస్ ఇవ్వలేదు. తనే దూసుకుపోయాడు.

ఎదురుగా ఉన్నవాడు చెయ్యి అడ్డం పెట్టాడు. మామూలు ఎత్తు మనిషికైతే ఆ చెయ్యి గుండెలకి తగిలి వెనక్కి పడేవాడు. బరో తల వంచి ఆ చంక కిందుగా దూరిపోయాడు. ఎంత కిందికి వంగాడంటే, పడిపోయాడనుకుని నా పక్కన ఒకామె "అయ్యో" అన్నట్టు చేతులు నోటికి పెట్టుకుంది. పడలేదు. అటు తేలేసరికి పరుగు ఆగలేదు, పైగా పెరిగింది. ఇద్దరు ముగ్గురు వెనక్కి తిరిగేలోపే వాళ్ళని దాటేశాడు. చివర్లో ఫుల్‌బ్యాక్, అంటే అందరికన్నా వెనక కాపలా ఉండే ఆటగాడు, పాల్ వెలెన్స్ ఒక్కడే మిగిలాడు. ఆ రోజుల్లో అక్కడ మంచి ఫుల్‌బ్యాక్‌లలో ఒకడు. బరో ఒకవైపు అడుగేసినట్టు చేసి రెండోవైపుకి జారిపోయి గీత దాటి బంతిని నేలకి ఆనించాడు, దాన్నే ట్రై అంటారు. దాదాపు 50 మీటర్ల పరుగు. మా పెద్దాయన నా భుజాలు పట్టుకుని ఊపేస్తున్నారు. చుట్టూ ఉన్నవాళ్ళు ఏం అరుస్తున్నారో ఒక్క ముక్క అర్థం కాలేదు, నేనూ అరుస్తున్నాను.

తర్వాత సెయింట్ హెలెన్స్ 16-8తో ముందుకెళ్ళింది. అక్కడి నుంచి లీడ్స్ వరసగా 24 పాయింట్లు కొట్టి 32-16తో గెలిచింది. గ్రాండ్ ఫైనల్‌లో ఉత్తమ ఆటగాడికిచ్చే హ్యారీ సండర్లాండ్ ట్రోఫీకి ఓటేసినవాళ్ళందరూ ఒక్క బరో పేరే రాశారు. 2007లో కూడా అది అతనికే వచ్చింది. మొదటి పదమూడు మందిలో చోటు లేక బెంచీ మీద కూర్చున్నవాడికండీ ఇది!

ఆ ట్రై వీడియో మీ అబ్బాయికి చూపించండి, వెంటనే గుర్తుపడతాడు. కబడ్డీలో డుబ్కీ అంటామే, డిఫెండర్ల చేతుల గొలుసు కిందుగా రైడర్ దూరిపోవడం, ప్రదీప్ నర్వాల్‌కి పేరు తెచ్చిన విద్య, అచ్చం అదే. పొడుగ్గా ఉన్నవాడు డుబ్కీ వెయ్యాలంటే ముందు తన ఒంటిని మడత పెట్టుకోవాలి. పొట్టివాడు సగం దూరం ముందే కిందికి దిగి ఉన్నాడు. చిన్న ఒళ్ళు వేగంగా ఆగుతుంది, వేగంగా తిరుగుతుంది, చూపు కూడా చురుగ్గా ఉంటుంది. ఎందుకంటే చిన్నప్పటి నుంచీ తప్పించుకోకపోతే నలిగిపోతాడు కాబట్టి. ఎవరైనా కాదంటే వాదించడానికి నేను సిద్ధం.

ఇంకో సంగతి. కబడ్డీలో బరువుకి పైహద్దు ఉంది. సీనియర్ మగవాళ్ళకి 85 కిలోలు, చిన్నవాళ్ళకి వయసుని బట్టి ఇంకా తక్కువ. ఎత్తుకి కిందిహద్దు ఎక్కడా లేదు. రూల్ బుక్‌లో లేని హద్దు మీ స్కూల్లో ఎక్కడ నుంచి వచ్చిందో అడగండి. నేను చదివిన స్కూల్లో కూడా ఇదే తంతు. ప్రేయర్ లైన్‌లో ఎత్తు ప్రకారం నిలబెట్టేవారు, ఆటల పీరియడ్‌లో అదే వరసలో వెనక ఉన్నవాళ్ళని పిలిచి టీమ్ కట్టేసేవారు. మా తమ్ముడు ఊళ్ళో ఎవరికీ దొరికేవాడు కాదు, కూతకి వెళ్తే ఒకరినైనా తాకి వచ్చేవాడు. ముందు వరసలో నిలబడే పిల్లాడని ఒక్క మ్యాచ్ కూడా ఆడనివ్వలేదు. ఆ కోపం నాకు ఇప్పటికీ ఉంది. పిల్లల్ని ఆడించి చూడటానికి ఓ గంట పడుతుంది, ఆ గంట కూడా పెట్టకుండా వాళ్ళ తలకాయ ఎంత ఎత్తులో ఉందో చూసి తేల్చేస్తారు. దానికి తోడు టీవీలో ఎత్తు పెరిగే పొడుల ప్రకటనలు. వాటి మీద డబ్బు తగలెయ్యకండి దయచేసి. ఆ డబ్బుతో మంచి షూస్ కొనండి.

ఇప్పుడు నేను అసలు చెప్పాలనుకున్నది. మనవాళ్ళలో రాబ్ బరో పేరు విన్నవాళ్ళు ఎవరైనా ఉంటే, ఒక వీడియో వల్లే విని ఉంటారు. 2023 మే నెల, లీడ్స్ మారథాన్. ఒకప్పుడు లీడ్స్ రైనోస్ కెప్టెన్‌గా చేసిన స్నేహితుడు కెవిన్ సిన్‌ఫీల్డ్ వీల్‌చైర్‌లో బరోని మారథాన్ మొత్తం తోసుకుంటూ వచ్చి, చివర్లో చేతుల మీద ఎత్తుకుని గీత దాటించాడు. మా వాట్సాప్ గ్రూపుల్లో కూడా తిరిగింది. రిటైరైన రెండేళ్ళకే, 2019 డిసెంబరులో, బరోకి మోటార్ న్యూరాన్ జబ్బని తేలింది. కండరాలు ఒక్కొక్కటే మాట వినడం మానేసే జబ్బు. అది వచ్చినవాళ్ళలో సగం మందికి పైగా జబ్బు బయటపడ్డ రెండేళ్ళలోపే పోతారు. అతను నాలుగున్నరేళ్ళు పోరాడి 2024 జూన్ 2న, 41 ఏళ్ళకి పోయాడు. ఆ మర్నాడే లీడ్స్‌లో అతని పేరుతో ఆ జబ్బుకి చికిత్స చేసే కేంద్రం నిర్మాణం మొదలైంది. సిన్‌ఫీల్డ్ 2020లో ఏడు రోజుల్లో ఏడు మారథాన్‌లు పరిగెత్తాడు, ఏడు ఎందుకంటే బరో జెర్సీ నంబరు ఏడు. కోట్ల రూపాయల విరాళాలు వచ్చాయి. ఇదంతా గొప్ప సంగతే, ఆ స్నేహం గురించి తలుచుకుంటే నాకిప్పటికీ గొంతు పట్టేస్తుంది.

కానీ పోయిన రోజున వచ్చిన వార్తలు చూస్తే బాధేసింది. మన పేపర్లలో నాకసలు కనబడలేదు, క్రికెట్ తప్ప ఇంకోటి రాయడం మానేశారు కదా. ఇంగ్లిష్ సైట్లలో వచ్చినవాటిలో చాలావరకు జబ్బుతోనే మొదలై జబ్బుతోనే ముగిశాయి. ఆడినన్నాళ్ళూ "ఇంత పొట్టివాడు" అన్నారు, తర్వాత "ఇంత జబ్బు మనిషి" అన్నారు. రెండుసార్లూ ఒంటినే చూశారు. పదిహేడు సీజన్లు అంతంత మనుషుల మధ్య నిలబడి గెలిచినవాడికి ముందు ఆటగాడిగా దండం పెట్టాలి. సెయింట్ హెలెన్స్ వాళ్ళు వరసగా 2007, 2008, 2009 ఫైనల్స్‌లోనూ 2011లోనూ ఈ టీమ్ చేతిలోనే ఓడారు, వాళ్ళని అడగండి అతను జాలిపడాల్సిన మనిషో కాదో. చివరి మ్యాచ్ కూడా గ్రాండ్ ఫైనలే. 2017లో కాసిల్‌ఫోర్డ్ మీద 24-6తో గెలిచి, ఎనిమిదో టైటిల్ అందుకుని బయటికొచ్చాడు. ఆ కాసిల్‌ఫోర్డే అతను పెరిగిన ఊరు.

మీ అబ్బాయి విషయానికొస్తే, టీమ్‌లోంచి తీసేశారని ఆట మాన్పించకండి. దగ్గర్లో క్లబ్ ఉంటే చేర్పించండి, పెద్ద పిల్లలతో ఆడనివ్వండి. కోచ్‌ని కలిసినప్పుడు మొదటి ఏడుగురిలో చోటు అడక్కండి, మ్యాచ్ చివరి ఐదు నిమిషాలు దింపమనండి. అందరూ అలిసిపోయిన ఆ టైములోనే చిన్నవాడి వేగం ఏంటో కనబడుతుంది. తలకి దెబ్బ తగిలితే మాత్రం ఎవరేమన్నా ఆ రోజుకి ఆట ఆపించండి, డాక్టర్‌కి చూపించండి, అందులో మొహమాటం వద్దు. 2011 ట్రై చూశాక 2007లో న్యూజిలాండ్ మీద ఆడిన సిరీస్ కూడా వెతికి చూపించండి. మూడు మ్యాచ్‌లూ గ్రేట్ బ్రిటన్ గెలిచింది. మ్యాన్ ఆఫ్ ది సిరీస్ రాబ్ బరో.