పాతకాలపు పోర్క్ చాప్ క్యాసరోల్ మెత్తగా రావాలంటే ముందు ముక్క మార్చండి

మీ అబ్బాయి స్నేహితుడింట్లో తిన్న పోర్క్ చాప్ క్యాసరోల్‌నే (మందంగా కోసిన పంది మాంసం ముక్కల్ని బంగాళదుంపలు, సాస్‌తో ఒకే డిష్‌లో ఓవెన్‌లో వండేది) మళ్ళీ మళ్ళీ అడుగుతున్నాడని రాశారు. 1950ల నాటి రెసిపీ కార్డు ఒకటి సంపాదించి, అందులో ఉన్నట్టే 350 డిగ్రీల ఫారెన్‌హీట్ దగ్గర గంటన్నర బేక్ చేశారు. చాప్స్ నమలలేనంత గట్టిగా వచ్చాయి, బంగాళదుంపలు మధ్యలో పచ్చిగా ఉండిపోయాయి, పాలు విరిగినట్టు అయ్యాయి. ఎక్కడ తేడా కొట్టిందని మీ ప్రశ్న.

మీరు చేసిన పద్ధతిలో లోపం లేదండి. ఆ కార్డు రాసిన రోజుల్లో దొరికిన పంది మాంసం వేరు, ఇవాళ డాలస్‌లో మీరు కొని తెచ్చుకునే మాంసం వేరు. టైమ్ మాత్రం కార్డులో అలాగే ఉండిపోయింది.

నేను చాలా ఏళ్లుగా అయోవాలో ఉంటున్నాను. అమెరికాలో పందుల పెంపకంలో మొదటి స్థానం ఈ రాష్ట్రానిదే. ఇక్కడ ఈ వంట ప్రతి ఇంట్లో ఒక్కో రకంగా ఉంటుంది. నాకు నేర్పింది మా పక్కింటి పెద్దావిడ. పొలం మీద పుట్టి పెరిగిన మనిషి. మా పిల్లలు చిన్నప్పుడు నాకు ఒంట్లో బాగాలేకపోతే ఫాయిల్ కప్పిన గాజు డిష్ పట్టుకుని వచ్చేవారు. అందులో ఎప్పుడూ ఇదే వంట. తర్వాత ఆవిడ వంటింట్లో నిలబడి చూసి నేర్చుకున్నాను. ఇప్పుడు చలికాలంలో మా ఇంట్లో ఆదివారం భోజనం చాలాసార్లు ఇదే.

ఒకప్పుడు పందిని మాంసంతో పాటు కొవ్వు కోసం కూడా పెంచేవారు. వంటకి, బేకింగ్‌కి లార్డ్ (కరిగించిన పంది కొవ్వు) వాడిన కాలం అది. రెండో ప్రపంచ యుద్ధం తర్వాత నూనెలు, వనస్పతి రకాలు ఆ స్థానంలోకి వచ్చాక కొవ్వు తక్కువ ఉండే జాతుల వైపు రైతులు మళ్ళారు. 1987లో పంది మాంసాన్ని చికెన్‌లా తెల్ల మాంసమే అని ప్రచారం మొదలుపెట్టాక అది ఇంకా ముదిరింది. ఇవాళ షాపులో 'సెంటర్ కట్ లాయిన్ చాప్' (వీపు భాగం ముక్క) అని దొరికేదాంట్లో చుట్టూ సన్నటి కొవ్వు గీత తప్ప లోపల ఏమీ ఉండదు. దాన్ని గంటన్నర ఓవెన్‌లో పెడితే ఎవరు చేసినా చెప్పు తోలే.

ఇంకో కారణం కూడా ఉంది. ఆ రోజుల్లో పంది మాంసం అంటే ట్రైకినెల్లా అనే పురుగు భయం. అందుకని పాత వంట పుస్తకాల్లో లోపలి వేడి 170 డిగ్రీలు, 185 డిగ్రీలు రావాలని రాసేవారు. ఇప్పుడు ఇక్కడ పెంపకం పద్ధతులు మారి ఆ భయం బాగా తగ్గింది. 2011లో అమెరికా వ్యవసాయ శాఖ కూడా ముక్కలుగా వండే పంది మాంసానికి 160 నుంచి 145 డిగ్రీలకి (63 సెల్సియస్) తగ్గించి, దించాక 3 నిమిషాలు ఆగితే చాలంది. ఇది ఇక్కడి షాపుల్లో దొరికే మాంసానికి వర్తించే మాట. ఇండియాలో ఉండి ఇది చదివేవాళ్ళు ఎవరైనా సంతలో కొన్న మాంసంతో చేస్తుంటే 145 దగ్గర ఆపొద్దు, లోపల గులాబీ రంగు అస్సలు లేకుండా పూర్తిగా ఉడికించండి. బద్దెపురుగు ప్రమాదం అక్కడ నిజంగానే ఉంది.

అందుకే నా సలహా ఒక్కటే. పాత పద్ధతిలో వండాలనుకుంటే లాయిన్ చాప్ వదిలేసి షోల్డర్ (భుజం భాగం) తీసుకోండి. ఎముకతో ఉన్న 'బ్లేడ్ చాప్' అడగండి. కొన్ని షాపుల్లో దాన్నే 'పోర్క్ స్టేక్' అని పెడతారు. మెక్సికన్ కిరాణాల్లో, కొరియన్, చైనీస్ షాపుల్లో తేలిగ్గా దొరుకుతుంది, ధర కూడా లాయిన్ కంటే తక్కువే ఉంటుంది. చూడటానికి అంత అందంగా ఉండదు. కొవ్వు, నరాల పొరలు మధ్యమధ్యలో కనిపిస్తాయి. మనకి కావలసింది అవే. ఆ పొరల్లోని కొల్లాజెన్ అనే ప్రోటీన్ 180 డిగ్రీలు దాటాక నెమ్మదిగా కరిగి జిగురులా మారుతుంది, మాంసం ఫోర్క్‌తో విడిపోతుంది. కార్డులో రాసిన గంటన్నర సమయం లాయిన్‌ని చంపేస్తుంది, షోల్డర్‌కి మాత్రం సరిగ్గా సరిపోతుంది.

నేను చేసే కొలతలు నలుగురికి. ముప్పావు అంగుళం మందం ఉన్న బ్లేడ్ చాప్స్ 4, దాదాపు కిలో. యూకాన్ గోల్డ్ బంగాళదుంపలు కిలో. పెద్ద ఉల్లిపాయలు 2. పుట్టగొడుగులు 225 గ్రాములు. వెన్న 3 టేబుల్ స్పూన్లు, మైదా 3 టేబుల్ స్పూన్లు, చిక్కటి పాలు 2 కప్పులు, చికెన్ స్టాక్ అర కప్పు. ఎండు థైమ్ అర టీస్పూన్, అప్పుడే దంచిన మిరియాలు, చిటికెడు జాజికాయ పొడి, పైన చల్లడానికి పాప్రికా. డిష్ 9 బై 13 అంగుళాలది.

ముందురోజు రాత్రే ఒక్కో చాప్‌కి అర టీస్పూన్ ఉప్పు రెండు వైపులా పట్టించి, మూత లేకుండా ఫ్రిజ్‌లో పెట్టండి. తెల్లారేసరికి ఉప్పు లోపలికి దిగి, పైన ఆరిపోయి ఉంటుంది. అలా ఆరితేనే పెనం మీద బాగా ఎర్రబడుతుంది. తడిగా వేస్తే వేగదు, ఉడుకుతుంది.

పెనం మీద వేసే ముందు పక్కింటావిడ చేసే పని ఒకటి మీరు తప్పకుండా చేయండి. చాప్ చుట్టూ ఉన్న కొవ్వు అంచుని వంటింటి కత్తెరతో అంగుళానికొకటి చొప్పున కత్తిరించేవారు, మాంసం దాకా కాకుండా, కొవ్వు వరకే. అది చేయకపోతే వేడి తగలగానే అంచు బిగుసుకుని ముక్క దొన్నెలా లేస్తుంది, మధ్యలో పెనానికి తగలదు. ఇనుప పెనం బాగా కాలాక ఒక్కో వైపు మూడు నిమిషాలు. చాప్స్ తీసేశాక అదే పెనంలో పుట్టగొడుగులు, తర్వాత ఉల్లిపాయలు వేయించి, స్టాక్ పోసి, అడుగున అంటుకున్న గోధుమ రంగు పొరని చెక్క గరిటెతో గీకండి. ఈ కూర రుచిలో సగం ఆ మాడీ మాడని అడుగులోనే ఉంది. దాన్ని సింక్‌లో కడిగేయకండి.

పాలు విరగడం గురించి. విడి పాలు పోసి గంటకి పైగా కాగనిస్తే, అందులోకి మాంసం రసం, ఉల్లిపాయ పులుపు దిగాక విరగడం సహజం. అందులోనూ వెన్న తీసిన పాలైతే ఇంకా తొందరగా విరుగుతాయి. మైదాతో చిక్కబరిస్తే ఆ పిండి పాలని పట్టి ఉంచుతుంది. వెన్న కరిగించి మైదా వేసి పచ్చివాసన పోయేదాకా కలిపి, పాలు కొంచెం కొంచెంగా పోస్తూ ఉండకట్టకుండా తిప్పండి. గరిటె వెనక పూతలా నిలిస్తే చాలు. స్టాక్‌తో ఉన్న పుట్టగొడుగులు, ఉల్లిపాయలు అందులో కలిపేయండి.

బంగాళదుంపల్ని 3 మిల్లీమీటర్ల మందం మించకుండా తరిగి, ఒక టీస్పూన్ ఉప్పుతో పాటు ఆ సాస్‌లోనే వేసి, స్టవ్ మీద సన్న సెగన ఏడెనిమిది నిమిషాలు ఉంచండి. అడుగంటకుండా కలుపుతూ ఉండాలి. పచ్చిగా మిగిలిపోయే సమస్య దీనితో పూర్తిగా పోతుంది. దుంపలు పాలలో చాలా నెమ్మదిగా ఉడుకుతాయి. చల్లటి దుంపల మీద చల్లటి పాలు పోసి ఓవెన్‌లో పెడితే డిష్ మధ్యభాగం వేడెక్కడానికే అరగంట పట్టేస్తుంది.

ఇక వేడి వేడి దుంపల్ని డిష్‌లో పరిచి, పైన చాప్స్ పెట్టి, థైమ్, మిరియాలు, జాజికాయ చల్లి, ఫాయిల్ గట్టిగా బిగించండి. 325 డిగ్రీల (సుమారు 165 సెల్సియస్) దగ్గర గంటన్నర. కత్తి మొన దుంపలో అడ్డు లేకుండా దిగాలి, మాంసం ఎముక దగ్గర వదులవ్వాలి. అప్పుడు ఫాయిల్ తీసి, పాప్రికా చల్లి ఇంకో ఇరవై నిమిషాలు. అంచుల్లో సాస్ బుడగలొచ్చి ఎర్రబడుతుంది. బయటికి తీశాక పదిహేను నిమిషాలు కదపకండి. సాస్ చిక్కబడేది అప్పుడే.

గాజు డిష్ వాడేవాళ్ళకి ఒక జాగ్రత్త. ఫ్రిజ్‌లోంచి తీసిన గాజు డిష్‌ని నేరుగా వేడి ఓవెన్‌లో పెట్టొద్దు, బయటికి తీసినప్పుడు తడి గట్టు మీద పెట్టొద్దు. ఎర్రబడాలని బ్రాయిలర్ (ఓవెన్‌లో పైనుంచి వచ్చే సెగ) కింద అసలే పెట్టొద్దు. 1915లో వచ్చిన మొదటి పైరెక్స్ బ్రాండ్ డిష్‌లు బోరోసిలికేట్ గాజువి. అమెరికాలో ఇప్పుడు ఆ పేరుతో అమ్మేది ఎక్కువగా టెంపర్ చేసిన సోడా లైమ్ గాజు, హఠాత్తుగా వేడి చల్లన మారితే తట్టుకునే శక్తి దానికి తక్కువ.

మరి క్యాన్ సూప్ సంగతి ఏమిటంటారా? మీ కార్డులో ఉన్న 'క్రీమ్ ఆఫ్ మష్రూమ్' (చిక్కటి పుట్టగొడుగుల సూప్) డబ్బా వాడటం చిన్నతనమేమీ కాదు. నీళ్లు తీసేసి చిక్కబరిచిన సూప్‌ని 1897లో క్యాంప్‌బెల్ కంపెనీలో జాన్ డోరెన్స్ అనే కెమిస్ట్ తయారుచేశారు. క్రీమ్ ఆఫ్ మష్రూమ్ 1934లో వచ్చింది. 1955లో అదే కంపెనీ వంటశాలలో డోర్కస్ రైలీ దాంతోనే గ్రీన్ బీన్ క్యాసరోల్ రూపొందించారు, థాంక్స్‌గివింగ్ పండగ బల్ల మీద ఇప్పటికీ ఉంటుంది. పొలం పని, పిల్లలు, చర్చి విందులు అన్నీ చూసుకునే ఆడవాళ్ళకి వైట్ సాస్ కాచే పని తప్పించింది ఆ డబ్బానే. మీ అబ్బాయి అడిగేది అచ్చంగా ఆ రుచే అయితే, పైన చెప్పిన వెన్న, మైదా, పాల బదులు రెండు డబ్బాల సూప్, ఒక డబ్బా పాలు వాడండి. అందులో ఉప్పు ఎక్కువ కాబట్టి దుంపల్లో వేసే ఉప్పు పూర్తిగా మానేయండి. నాకు మాత్రం సొంతంగా కాచిన సాస్‌లోనే పుట్టగొడుగు రుచి తెలుస్తుంది.

లాయిన్ చాప్స్ ఇప్పటికే ఫ్రీజర్‌లో ఉన్నాయంటే వాటినీ పారేయక్కర్లేదు. అంగుళం మందం ఉండాలి, అంతే. దుంపల్ని ఒంటరిగా ఫాయిల్ కప్పి 350 దగ్గర యాభై నిమిషాలు ఉడకనిచ్చి, అప్పుడు పెనం మీద ఎర్రగా కాల్చిన చాప్స్ పైన పెట్టి, మూత లేకుండా ఇంకో పావుగంట. ఎముకకి తగలకుండా థర్మామీటర్ గుచ్చి చూసి 145 రాగానే తీసేయండి. పదిహేను డాలర్ల లోపు దొరికే థర్మామీటర్ ఈ వంటకి గడియారం కంటే ఎక్కువ పనికొస్తుంది.

అల్లం వెల్లుల్లి ముద్ద, గరం మసాలా వేయొచ్చా అని కూడా అడిగారు. వేయొద్దండి. ఈ వంట రుచంతా పాలు, పుట్టగొడుగులు, పంది కొవ్వుల మెత్తదనంలో ఉంది. మసాలా పడితే అది వేరే కూర అయిపోతుంది, మీ అబ్బాయి అడిగింది అది కాదు. కారం లేకపోతే ముద్ద దిగని పెద్దవాళ్ళు ఉంటే మిరియాలు రెట్టింపు చేయండి, పక్కన ఆవకాయ పెట్టండి. మా ఆయన అలాగే తింటారు. ఆవకాయ పులుపు ఆ కొవ్వుకి నిజంగా బాగుంటుంది.

దుంపల బదులు బియ్యంతో చేసే రకం కూడా ఉంది. దానికి సోనా మసూరి వద్దు, అంతసేపు ఓవెన్‌లో ఉంటే ముద్దయిపోతుంది. పొడుగు గింజ ఉప్పుడు బియ్యం రకం తీసుకోండి, అది విడివిడిగా నిలబడుతుంది.

మిగిలితే రెండు గంటల్లోపు ఫ్రిజ్‌లో పెట్టేయండి. మూడు నాలుగు రోజులు బాగుంటుంది. మర్నాడు వేడిచేసేటప్పుడు రెండు చెంచాల పాలు చల్లి, ఫాయిల్ కప్పి, లోపల 165 డిగ్రీలు వచ్చేదాకా ఉంచండి. ఫ్రీజర్‌లో మాత్రం పెట్టకండి, దుంపలు నీళ్లు వదిలి ఇసకలా అయిపోతాయి.