దుబాయ్ బండి హన్మకొండకు తెచ్చుకోవాలంటే ఎంత అవుతుంది? మా తమ్ముడి కారుకు వేసిన లెక్క

నమస్తే అన్నా. మీ ప్రశ్న రెండుసార్లు చదివాను. మీ బావ పదకొండేళ్ల తర్వాత దుబాయ్ నుంచి పూర్తిగా వచ్చేస్తున్నాడు, అక్కడ వాడుకుంటున్న ఎస్‌యూవీని కంటైనర్‌లో పెట్టి హన్మకొండకు తెచ్చుకుందామని ఆశపడుతున్నాడు, టాక్సులు, ఫీజులు అన్నీ కలిపి ఎంత అవుతుంది, ఇక్కడ టీజీ 03 నంబర్ వస్తుందా అని కదా అడిగారు.

ముందు అసలు మాట చెప్తాను, బాధపడకండి. ఆ బండి రాదు. దుబాయ్, సౌదీ, ఖతార్, కువైట్, ఒమన్, బహ్రెయిన్ ఎక్కడైనా స్టీరింగ్ ఎడమ పక్కనే ఉంటుంది. మన దేశంలోకి వచ్చే కారుకు, కొత్తదైనా పాతదైనా, స్టీరింగ్ కుడి పక్కన ఉండాలని దిగుమతి నిబంధన. టాక్స్ కట్టడానికి మనం సిద్ధంగా ఉన్నా సరే, ఈ ఒక్క దగ్గర ఆగిపోతుంది. మా పెద్దమ్మ కొడుకు జగిత్యాల దగ్గర ఉంటాడు, షార్జాలో పని చేసేవాడు, ఆయనకు ఒక ఏజెంట్ 'స్టీరింగ్ కుడికి మార్పించి పంపిస్తా, ముంబైలో మనోళ్లు ఉన్నారు' అని చెప్పి 2,000 దిర్హాములు అడ్వాన్స్ తీసుకున్నాడు. బండి కదల్లేదు, పైసలు తిరిగి రాలేదు. స్టీరింగ్ మార్పించినా కంపెనీ కాగితాల్లో అది ఎడమ స్టీరింగ్ బండే కదా. మీ బావకు కూడా అక్కడ ఎవరో ఒకరు ఇదే మాట చెప్తారు, దయచేసి ఒక్క దిర్హామ్ కూడా ఇవ్వొద్దని చెప్పండి.

ఇంకో మాట కూడా చాలామంది అంటుంటారు, పర్మనెంట్‌గా వచ్చేసేవాళ్లకు సామాన్ల మీద డ్యూటీ రాయితీ ఉంటుంది కదా, అందులో కారు కూడా పెట్టేయొచ్చు అని. పెట్టలేం. 1962 కస్టమ్స్ చట్టంలో బ్యాగేజీ అంటే ఏమిటో చెప్పిన చోటే మోటారు వాహనాలు అందులోకి రావని రాసి ఉంది. టీవీ, ఫ్రిజ్ సంగతి వేరు, కారు సంగతి వేరు.

అయినా లెక్క మొత్తం రాస్తాను. ఎందుకంటే మన వరంగల్, కరీంనగర్ పిల్లలు ఇంగ్లండ్, ఆస్ట్రేలియా, సింగపూర్‌లలో మస్తుమంది ఉన్నారు, అక్కడ స్టీరింగ్ కుడి పక్కనే కాబట్టి ఈ ఆశ వాళ్లకూ ఉంటుంది. మా తమ్ముడికి అట్లాగే వచ్చింది. వాడు లెస్టర్‌లో ఉండేవాడు, 2.0 పెట్రోల్ ఎస్‌యూవీ ఒకటి సెకండ్ హ్యాండ్‌లో 17,000 పౌండ్లకు కొనుక్కున్నాడు, దాన్ని ఎంత బాగా చూసుకునేవాడంటే సర్వీస్ బిల్లులన్నీ తేదీల వారీగా ఫైల్ చేసి పెట్టాడు. 2024 ఏప్రిల్‌లో తిరిగి వచ్చేటప్పుడు వెంట తెచ్చుకుంటానన్నాడు. 2023 ఫిబ్రవరిలో నేను కూర్చొని ముంబైలోని ఒక కస్టమ్స్ బ్రోకర్‌తో మాట్లాడి లెక్క తీయించాను.

మొదటి దెబ్బ తేదీ దగ్గరే తగిలింది. పాత కారు అయితే తయారై మూడేళ్లు దాటకూడదు. మా వాడు రిజిస్ట్రేషన్ తేదీ చూసుకొని ఇంకా టైమ్ ఉందనుకున్నాడు, 2021 జూన్ అని ఉంది కాబట్టి 2024 జూన్ వరకు ఢోకా లేదని. కానీ చూడాల్సింది తయారైన తేదీ. అది 2021 జనవరి. అంటే ఏప్రిల్‌లో వచ్చేటప్పుడు తెచ్చుకోవడం కుదరదు, పంపితే ముందే పంపాలి. దీంతోపాటు పాత కారును ముంబై పోర్టులోనే దింపాలి. మనకు చెన్నై దగ్గర కదా, వైజాగ్ దగ్గర కదా అంటే నడవదు, అవి పాత కార్లకు లేవు. ఓడ ఎక్కించే ముందు అక్కడ బండిని చెక్ చేయించి సర్టిఫికెట్ తీసుకోవాలి, ఇక్కడికి వచ్చాక పుణెలోని ఏఆర్‌ఏఐ లాంటి టెస్టింగ్ ఏజెన్సీకి చూపించాలి, కనీసం ఇంకో ఐదేళ్లు రోడ్డు మీద తిరిగే కండిషన్‌లో ఉండాలి.

ఇక డబ్బు. అందరూ తప్పు చేసేది ఇక్కడే, నేనూ మొదటి రోజు ఇదే తప్పు లెక్క వేశాను: మనం కొన్న ధర మీద టాక్స్ వేస్తారనుకుంటాం. వేయరు. కస్టమ్స్ వాళ్లు ఆ మోడల్ కొత్తగా ఉన్నప్పటి ధర తీసుకొని, దాంట్లోంచి తరుగుదల తీసేస్తారు. మొదటి ఏడాది మూడు నెలలకు 4 శాతం చొప్పున, రెండో ఏడాది 3 శాతం చొప్పున, మూడో ఏడాది రెండున్నర శాతం చొప్పున. అంటే రెండేళ్లు నిండిన బండికి 16, 12 కలిపి 28 శాతం పోతుంది. మీరు బజార్లో ఎంత చవగ్గా కొన్నా వాళ్లకు సంబంధం లేదు.

మా వాడి బండి కొత్తప్పుడు 30,000 పౌండ్లు. 28 శాతం తీసేస్తే 21,600. లెక్క సులువుగా ఉండాలని పౌండుకు 100 రూపాయలు అనుకుందాం (అసలు లెక్కలో బ్యాంకు రేటు పనికిరాదు, కస్టమ్స్ ప్రకటించే రేటు వేరే ఉంటుంది, అదే తీసుకుంటారు). 21 లక్షల 60 వేలు. దీనికి ఓడ కిరాయి, ఇన్సూరెన్స్ కలపాలి. మాకు చెప్పింది రెండూ కలిపి 1 లక్షా 90 వేలు. ఆ బిల్లులు జాగ్రత్తగా పెట్టుకోండి, ఎందుకంటే కిరాయి ఎంతో చూపించలేకపోతే బండి ధరలో 20 శాతం కిరాయి కిందా, 1.125 శాతం ఇన్సూరెన్స్ కిందా వాళ్లే వేసుకుంటారు, అప్పుడు 1.90 కాస్తా నాలుగున్నర లక్షలు దాటుతుంది, దాని మీద మళ్లీ టాక్సులు. సరే, బిల్లు ఉందనుకుంటే మొత్తం 23 లక్షల 50 వేలు. ఇదీ అసలు టాక్స్ మొదలయ్యే అంకె.

ఇప్పటి రేట్లతోనే చెప్తాను. పాత కారుకు బేసిక్ కస్టమ్స్ డ్యూటీ 70 శాతం, దానికి తోడు అగ్రికల్చర్ ఇన్‌ఫ్రా సెస్ 67.5 శాతం. 2025 బడ్జెట్‌లో 125 శాతం డ్యూటీని 70కి తగ్గించారని వార్తలు వచ్చినప్పుడు మా తమ్ముడి ఫ్రెండ్స్ చాలా సంబరపడ్డారు, కానీ తగ్గించినంతా సెస్ రూపంలో తిరిగి పెట్టారు, ఇంతకుముందూ సర్‌చార్జీతో కలిపి 137.5 శాతమే, ఇప్పుడూ 137.5 శాతమే. 23.50 లక్షల మీద అది 32 లక్షల 31 వేలు. ఆగండి, ఇంకా ఉంది. ఇప్పుడు బండి విలువ, ఈ డ్యూటీ రెండూ కలిపితే 55 లక్షల 81 వేలు అయింది కదా, ఐజీఎస్టీ (దిగుమతి సరుకు మీద వేసే జీఎస్టీ) ఈ మొత్తం మీద వేస్తారు. 2025 సెప్టెంబర్ 22 నుంచి పెద్ద కార్లకు 40 శాతం. అంటే ఇంకో 22 లక్షల 32 వేలు. నాలుగు మీటర్ల లోపు పొడవు, 1200 సీసీ లోపు పెట్రోల్ బండి అయితే 18 శాతమే, కానీ ఎవరూ అంత చిన్న బండిని సముద్రం దాటించరు. మేము లెక్క వేసిన రోజుల్లో 28 శాతం జీఎస్టీ, 22 శాతం సెస్ కలిపి 50 శాతం ఉండేది, అంటే మాకు ఇంకో ఐదున్నర లక్షలు ఎక్కువే వచ్చింది.

మొత్తం కూడండి. టాక్సులే 54 లక్షల 64 వేలు. బండితో కలిపి 78 లక్షల 14 వేలు. తలలో ఉంచుకోవడానికి ఒక అంకె చెప్తాను, పెద్ద పాత కారు అయితే కస్టమ్స్ వాళ్లు కట్టిన విలువకు 2.325 రెట్లు టాక్స్. 100 రూపాయల బండికి 232 రూపాయల 50 పైసలు.

బ్రోకర్ పంపిన ఎస్టిమేట్ నా దగ్గర ఇప్పటికీ ఉంది. ఒక పేజీ, పన్నెండు వరుసలు. డ్యూటీ వరుసల్లో అంకెలు ఉన్నాయి, ఆయన సర్వీస్ చార్జీ ఉంది, కానీ నాలుగు వరుసల్లో అంకె ఉండాల్సిన చోట 'యాజ్ పర్ యాక్చువల్స్' అని రాసి ఉంది. అంటే ఎంతయితే అంత. షిప్పింగ్ కంపెనీ వాళ్ల డెలివరీ ఆర్డర్, టెర్మినల్ హ్యాండ్లింగ్, పోర్టు స్టోరేజీ, కంటైనర్ డిటెన్షన్ (కంటైనర్‌ను ఆలస్యంగా తిరిగిస్తే కట్టే చార్జీ). మీకు ఎవరు ఎస్టిమేట్ ఇచ్చినా మొదట ఈ వరుసలు వెతకండి, 'పది రోజులు లేటయితే ఎంత, నెల లేటయితే ఎంత' అని అడిగి రాతపూర్వకంగా తీసుకోండి. ఎందుకంటే పాత కారు విషయంలో విలువ దగ్గర ప్రశ్నలు రావడం మామూలే, కాగితం ఒకటి తక్కువైనా బండి అక్కడే ఉంటుంది, మీటర్ మాత్రం తిరుగుతూనే ఉంటుంది. బిల్ ఆఫ్ ఎంట్రీ (కస్టమ్స్‌కు ఇచ్చే దిగుమతి పత్రం) ఓడ రావడానికి ముందు రోజుకల్లా వేయాలి, ఆలస్యమైతే మొదటి మూడు రోజులు రోజుకు 5,000, ఆ తర్వాత రోజుకు 10,000. డ్యూటీ కట్టడం ఆలస్యమైతే ఏడాదికి 15 శాతం వడ్డీ. యాభై లక్షలు చేతిలో లేకుండా లోన్ వస్తుందిలే అని బండి ఎక్కించినవాళ్లకు ఇక్కడే ప్రాణం మీదికి వస్తుంది.

ముంబై నుంచి వరంగల్‌కు నంబర్ లేని బండిని నడుపుకుంటూ రాలేం, లారీ మీద వేసుకొని రావాలి, దానికి కిరాయి. ఇక ఆర్టీఏలో రిజిస్ట్రేషన్. ఫారం 20, ఇన్సూరెన్స్, బిల్ ఆఫ్ ఎంట్రీ, కస్టమ్స్ క్లియరెన్స్ సర్టిఫికెట్ అడుగుతారు. దిగుమతి కారుకు రిజిస్ట్రేషన్ ఫీజు 5,000, మామూలు కారుకు 600. ఈ ఫీజు పెద్ద లెక్క కాదు, లైఫ్ ట్యాక్స్ పెద్ద లెక్క. 2022 మేలో మన దగ్గర పెంచిన పట్టికలో 20 లక్షలు దాటిన కారుకు 18 శాతం, మేము అదే వేసుకున్నాం. డ్యూటీతో కలిపిన ధర మీద వేసుకుంటే, ఈ 78 లక్షల మీద 14 లక్షలు దాటుతుంది. ఇప్పటి శ్లాబులు రవాణా శాఖ వెబ్‌సైట్‌లో చూసుకోండి. బండి యజమాని పేరు మీద ఇప్పటికే ఇంకో కారు ఉంటే మరో 2 శాతం అదనం, కాబట్టి ఎవరి పేరు మీద చేయించాలో కూడా ముందే ఆలోచించుకోవాలి.

అంటే 17 లక్షలకు కొన్న బండి ఇంటి ముందుకు వచ్చేసరికి 92 లక్షలు దాటుతోంది, ఆ నాలుగు వరుసలూ లారీ కిరాయీ కాకుండానే. ఆ రోజు రాత్రి వీడియో కాల్‌లో తమ్ముడికి ఒక్కో వరుస చదివి వినిపించాను. వాడు మొదట నమ్మలేదు, ఇంకోసారి వేయమన్నాడు, వేశాను. అమ్మ పక్కనే కూర్చొని వింటోంది, 'గన్ని పైసలు పెట్టి పాత బండి తెచ్చుడెందుకు బిడ్డా, గండ్ల సగం పెడితే ఈడ కొత్త బండి రాదా' అన్నది. వాడు కాసేపు ఏం మాట్లాడలేదు. వాడు మొదటిసారి సొంతంగా కొనుక్కున్న వస్తువు అది, నైట్ షిఫ్టులు చేసి కొనుక్కున్నాడు, ఆ బాధ నాకు అర్థమైంది. చివరికి అక్కడే అమ్మేసి వచ్చాడు, సర్వీస్ ఫైల్ ఉండటం వల్ల మంచి ధరే పలికింది. ఆ పైసలకు కొంత కలిపి హన్మకొండలో కొత్త కారు తీసుకున్నాడు.

కొత్త కారే తెప్పించుకుంటే ఎట్లా అని కూడా కింద కామెంట్లలో ఒకరు అడిగారు, దానికి వేరే రేట్లు. బండి ధర, ఓడ కిరాయి, ఇన్సూరెన్స్ అన్నీ కలిపి 40,000 డాలర్లు దాటితే డ్యూటీ, సెస్ కలిపి 110 శాతం, ఆ లోపు అయితే 70 శాతం, ఆపైన ఐజీఎస్టీ మామూలే. ఇంజిన్ 3000 సీసీ దాటిన పెట్రోల్ బండి, 2500 దాటిన డీజిల్ బండి అయితే ధర తక్కువున్నా 110 లోకే పోతుంది. అక్కడ ఒక్కసారి రిజిస్ట్రేషన్ అయిందంటే కిలోమీటర్ తిరగకపోయినా అది కొత్త కారు కాదు, పాత కారు రేటే.

ఇప్పుడు మీ బావ చేయాల్సింది ఒక్కటే. వీసా క్యాన్సిల్ చేయించుకోకముందే బండి అమ్మేయమనండి. ట్రాఫిక్ ఫైన్లు, సాలిక్ (దుబాయ్ రోడ్ టోల్) బాకీలు, బ్యాంకు లోన్ ఏమైనా ఉంటే అవన్నీ కట్టేస్తేనే పేరు మారుతుంది, దానికి ఎమిరేట్స్ ఐడీ నడుస్తూ ఉండాలి. చివరి వారం దాకా ఆగితే కొనేవాడికి మన తొందర తెలిసిపోయి ధర పడగొడతాడు, కనీసం రెండు నెలల ముందే అమ్మకానికి పెట్టమనండి. ఆ రెండు నెలలకు కిరాయి బండి వాడుకున్నా నష్టం లేదు.