పంచ్ బ్రదర్స్ వారి 'ది ఫాస్ఫొరెసెంట్ బ్లూస్' అసలు బ్లూగ్రాస్ ఆల్బమేనా?

అమెరికాకు చెందిన పంచ్ బ్రదర్స్ బృందం 2015లో విడుదల చేసిన ఈ ఆల్బమ్ వాద్యాల పరంగా బ్లూగ్రాసే (తీగ వాద్యాలతో సాగే అమెరికన్ సంగీత శైలి) గాని, రచనల నిర్మాణంలో మాత్రం ఆ సంప్రదాయపు హద్దులను చాలా దూరం దాటిపోయింది. బ్లూగ్రాస్‌కు ఆయువుపట్టయిన మాండలిన్, బాంజో, ఫిడేలు, గిటారు, డబుల్ బాస్‌లే ఈ ఐదుగురికీ ఆధారం. అయితే పల్లవి, చరణాలు, నడుమ ఒక్కొక్కరి వాద్య విన్యాసం అనే అలవాటైన క్రమానికి కట్టుబడకుండా, మాండలిన్ విద్వాంసుడు క్రిస్ థీలీ, ఆయన సహచరులు పాశ్చాత్య శాస్త్రీయ సంగీతంలో వలె ఒకే రచనను పలు భాగాలుగా విస్తరిస్తారు. మొదటి పాట పది నిమిషాలకు పైగా సాగడానికి కారణం ఇదే.

శాస్త్రీయ సంగీతంతో వీరికున్న ఈ అనుబంధానికి, ఫ్రెంచ్ స్వరకర్త క్లాడ్ డెబ్యుస్సీ పియానో కోసం రాసిన 'పాస్‌పియే'ను ఈ ఆల్బమ్‌లో వాయించడం చక్కని ఉదాహరణ. ఒక్క వాద్యానికి ఉద్దేశించిన స్వరాలను ఐదుగురూ పంచుకొని పలికించిన తీరు ఎంతో శ్రద్ధగా వినదగినది.

బ్లూగ్రాస్ అనాదిగా వస్తున్న జానపద సంగీతమనీ, అందులో మార్పు అపచారమనీ చాలామంది పొరబడతారు. నిజానికి అది 1940లలో మాండలిన్ వాదకుడు బిల్ మన్రో, 1945లో ఆయన బృందంలో చేరిన బాంజో వాదకుడు ఎర్ల్ స్క్రగ్స్ తదితరులు పాత జానపద బాణీలకు బ్లూస్, గాస్పెల్ (క్రైస్తవ భక్తి సంగీతం), జాజ్ పోకడలను జోడించి రూపొందించిన కొత్త సంగీతం.