కాలం పల్లానికి పారే లోకం

ప్రశ్న: నేను రాస్తున్న కాల్పనిక నవలలోని లోకంలో కాలం నీటిలా పల్లానికి పారుతుంది, లోయల్లో చిక్కబడి నెమ్మదిగానూ, శిఖరాల మీద పలచబడి వేగంగానూ గడుస్తుంది. దీనిని అక్కడి పండితులు శాస్త్రీయంగా నిరూపించినట్టు ఎలా చూపాలి?

జవాబు: మీ ఊహ చాలా బాగుంది, పైగా అది వాస్తవానికి అంత దూరమైనదేమీ కాదు. ఐన్‌స్టీన్ 1915లో ప్రకటించిన సాధారణ సాపేక్ష సిద్ధాంతం ప్రకారం ఎత్తైన చోట ఉన్న గడియారం కిందనున్న దానికంటే నిజంగానే వేగంగా నడుస్తుంది. 2010లో అమెరికా శాస్త్రవేత్తలు అత్యంత కచ్చితమైన పరమాణు గడియారాలతో కేవలం 33 సెంటీమీటర్ల ఎత్తు వల్ల వచ్చే తేడాను సైతం కొలిచారు. మీ లోకంలో ఆ తేడా మనిషి ఆయుష్షులో తెలిసేంత పెద్దది, అంతే.

అయితే సిద్ధాంతం అనిపించుకోవాలంటే అది తప్పని తేలే అవకాశం కూడా ఉండాలి. మీ పండితురాలు ఒకే మైనంతో పోసిన రెండు కొవ్వొత్తులను, అద్దపు మెరుపు సైగతో, లోయలోనూ శిఖరంపైనా ఒకేసారి వెలిగించగా శిఖరంపైది ముందు కరిగిపోయిందనుకోండి. అది గాలి ప్రభావమేనని ప్రత్యర్థి వాదించాలి. ఆమె గాలి చొరని రాతి గదుల్లో ఇసుక గడియారాలతో మళ్లీ నిరూపించాలి. నాకు ఈ వాదమే కథకు ప్రాణమనిపిస్తుంది.

చాలామంది రచయితలు పొరబడే విషయం మరొకటుంది. లోయలోని వాడికి తన కాలం నెమ్మదించినట్టు ఎన్నడూ తోచదు. శిఖరంపై వాయించిన వేణువు మాత్రం అతనికి హెచ్చు శ్రుతిలో వినిపిస్తుంది.