ముందుగాల నీ గొంతు నీకు వినబడాలె

నల్లగొండ,
ఆదివారం పొద్దుగాల.

బిడ్డా,

నిన్న రాత్రి మీ నాయిన ఫోన్ చేసిండు. హలో లేదు, తిన్నవా లేదు. "నీ కోడలు నౌకరి ఇడిసిపెట్టిందట. రాక్ బ్యాండుల పాడుతదట. గా పాటల పిచ్చి నీ దిక్కుకెల్లే వచ్చింది, ఇగ నువ్వే చెప్పుకో" అని పెట్టేసిండు. నేను ఫోన్ పట్టుకొని వాకిట్లనే శానాసేపు నిలబడ్డ. కాళ్లు చల్లబడ్డయి. మీ మామ "ఏమైందే" అనుకుంట బయటికొస్తే, "ఏం లే, పిల్ల పాడుతదట" అన్న. అనేటప్పుడు నవ్వొచ్చింది. నవ్విన్నని మీ నాయినకు చెప్పకు.

అందరు చెప్పేటియి ముందే చెప్పి అవతల పారేస్త. ఆర్నెల్ల కిరాయి పైసలు బ్యాంకుల ఉంచుకో. అడ్వాన్సు చేతిల పడకుండ డేటు ఇయ్యకు. ప్రోగ్రాం అయినంక ఎవని బండి పడితే వాని బండెక్కకు. ఇవి నాకన్న నీకే ఎక్కువ తెల్సు.

మీ నాయిన భయపడేది మందుకు, మగపిల్లలకు. అమెరికా రాక్ సింగర్ జానిస్ జాప్లిన్ 1970 అక్టోబర్ 4 నాడు, 27 ఏండ్లకే మత్తుమందుతోని పోయిందని ఎక్కడ సదివిండో ఏమో, ఫోన్ల అదొక్కటి రెండుసార్లు చెప్పిండు. ఆయన భయం ఆయనది, కాదనను. నేను మాత్రం భయపడేది చప్పుడుకు.

స్టేజీ ఎక్కంగనే జనాన్ని చూడకు. నీ కాళ్ల కాడ, నీ దిక్కు మొగం పెట్టుకొని ఒక డబ్బా ఉన్నదా లేదా చూడు. మానిటర్ అంటరు, నీ పాట నీకు వినిపించేది అదే. అది లేకపోతే, ఉన్నా మోగకపోతే, పాట మొదలుపెట్టకు. నీ దోస్తులు చెవుల పెట్టుకునేటియి కొన్నరట గదా, ఇంకా మంచిది. వాళ్లు గిటార్ల మీద వేలకు వేలు పెడ్తున్నరు గని నీ చెవులకు పైసలు పెట్టిన్రా? అడుగు. సిగ్గుపడకుండ అడుగు.

ఎందుకింత లొల్లి చేస్తున్ననో ఇప్పుడు చెప్త. సగం నీకు తెల్సు. మిగిలిన సగం ఇంట్ల ఎవ్వరికి చెప్పలే.

1991ల వినాయక చవితి. నాకు 22 ఏండ్లు. మా ఆర్కెస్ట్రాల ఫిమేల్ సింగర్‌ను నేనొక్కదాన్నే. నైటుకు 150 రూపాయలు, అన్నం వాళ్లదే. తొమ్మిది రాత్రులల్ల ఎనిమిది ప్రోగ్రాములు పడ్డయి. నల్లగొండల రెండు, దేవరకొండ, సూర్యాపేట, మిర్యాలగూడ, నకిరేకల్, ఇట్ల. మీ నాయిన లూనా మీద తీస్కపోయేటోడు, ఎన్క కూసున్న నా ఒళ్లె వేడినీళ్ల ఫ్లాస్కు ఉండేది. మైక్ సెట్టాయన రెండు పెద్ద బాక్సులు జనం దిక్కు తిప్పేటోడు. మా దిక్కు ఒక్కటి గూడ లేదు. నా ఎన్క జాజ్ డ్రమ్ములు, పక్కన కీబోర్డు, రిథమ్ ప్యాడు. పాడుతున్న గని నా పాట నాకు వినొస్తలేదు. వినొస్తలేదంటే మనిషి ఏం చేస్తడు? అరుస్తడు. చెర్వుగట్టు జాతరల పక్కపక్కన నిలబడి మాట్లాడేటోళ్లను చూసినవు గదా, ఒగలు పెంచితే ఇంకొగలు పెంచుతరు, అరుస్తున్నమన్న సోయి ఇద్దరికీ ఉండదు. లొంబార్డ్ అనే ఫ్రెంచి డాక్టరు ఈ సంగతి నూరేండ్ల కిందనే చెప్పిండట. మా ఆర్కెస్ట్రాకు ఎవ్వరు చెప్పలే.

మూడోనాడు పొద్దుగాల లేస్తే గొంతు పగిలిన కుండ లెక్క ఉన్నది. మా ఆర్కెస్ట్రా పార్టీ నడిపేటాయన "జీరొచ్చింది, గదే మంచిగున్నది, జనం ఖుషీ అయితరు" అన్నడు. నిజంగనే ఖుషీ అయిన్రు, వన్స్‌మోర్ అన్నరు. ఐదోనాడు అసలు మాటే రాలే. మందుల షాపుల ఒకాయన చిన్న తెల్ల గోళీలు పొట్లం కట్టిచ్చిండు. మింగిన కొద్దిసేపటికి గొంతు తెరుచుకున్నది. దేవుని లెక్క కనబడ్డడు ఆయన. అవి స్టెరాయిడ్ గోళీలని తర్వాత తెల్సింది. వాపును గుంజుతయి గని దెబ్బ దెబ్బ లెక్కనే ఉంటది. బాగైందనుకొని మనం దాని మీదికెల్లే మళ్ల అరుస్తం. ఎనిమిది ప్రోగ్రాములు పూర్తి చేసిన. అప్పుడు గొప్పగ చెప్పుకున్న గూడ.

పట్నంల దవాఖానకు మీ నాయిననే తీస్కపోయిండు. డాక్టరమ్మ చిన్న గుండ్రటి అద్దాన్ని దీపం మీద వేడి చేసి, నా నాలుకను గుడ్డతోని పట్టి గుంజి, అద్దం లోపలికి పెట్టి "ఈ... అను" అన్నది. నేను "ఈ" అన్న. వచ్చింది గాలే. ఆమె చీటీ ఎన్కకు తిప్పి రెండు గీతలు గీసింది, కింద కలిసి పైన విడిపోయినట్టు. గొంతుల మాట పుట్టించే మడతలట అవి. వాటి నడుమ ఎదురెదురుగ రెండు చుక్కలు పెట్టింది. "కొడవలి పట్టిన చేతికి కాయలు కాస్తయి చూడు, గట్లాంటియే" అన్నది. ఆడోళ్లు ఉత్తగ మాట్లాడితేనే ఆ రెండు మడతలు సెకనుకు 200 సార్లు ఒకదానికొకటి తగుల్తయట. పై స్థాయిల పాడితే 500 దాటుతదట. ఇగ అరిస్తే లెక్క నువ్వే చేసుకో. "దొరికినయి మంచిగైంది, కొయ్యాల్సిన పని లేదు. నెల రోజులు నోరు తెరవకు. గుసగుస గూడ వద్దు, దాంతోని గూడ గొంతు అలుస్తది. ఆ తర్వాత మాట ఎట్ల తియ్యాలెనో మెల్లెగ నేర్పిస్తం" అన్నది. ఇంతే మందు.

మీ నాయిన పలక, బలపం కొనుక్కొచ్చిండు. పదకొండు రోజులు నేను పలక మీదనే బతికిన. ఉప్పు అని రాసేది, నీళ్లు అని రాసేది. పన్నెండోనాడు పార్టీ ఆయన ఇంటికొచ్చిండు. మీ నాయిన పొలం పోయిండు. "దసరాకు మిర్యాలగూడల పెద్ద ప్రోగ్రాం. నువ్వు రాకపోతే ఖమ్మం నుంచి ఒక పిల్లను మాట్లాడిన, ఆమె రెడీగున్నది" అన్నడు. ఒక్క దెబ్బ కొట్టలే, ఒక్క తిట్టు తిట్టలే. ఇంకొక పిల్ల ఉన్నదన్నడు, అంతే. నేను బలపం తీసుకొని పలక మీద "వస్త" అని రాసిన.

ఇన్నేండ్లు అందరికి డాక్టరు చెప్పినట్టు చేసినా బాగు కాలేదని చెప్పిన. కాదు. ఇంకొక పందొమ్మిది రోజులు ఓర్చుకోలేకపోయిన. మిర్యాలగూడల మూడో పాట నడుమ, పైకి పోవాల్సిన కాడ గొంతు పోయింది. మళ్ల రాలే. ఆ ఖమ్మం పిల్ల వచ్చే ఏడు పార్టీల చేరింది, మంచిగ పాడేది పాపం. నేను రెండేండ్లు కోరస్‌ల నిలబడి, తర్వాత అంగన్వాడీల చేరిన. పిల్లలకు కింది స్థాయిల పాటలు చెప్పిన. నీకు గూడ.

నువ్వు వెంటనే బానీ టైలర్ పేరు చెప్తవు, నాకు తెల్సు. వేల్స్ దేశం సింగర్ ఆమె. గివే కాయలు కోయించుకున్నది, మాట్లాడొద్దని చెప్తే ఒకనాడు కోపం పట్టలేక అరిచిందట, గొంతు అట్లనే జీరబోయింది, ఆ జీరతోనే 1977ల పాట పాడి పెద్ద పేరు తెచ్చుకున్నది. ఆ జీరనే ఆమెకు అన్నం పెట్టింది. దాన్ని చూసి గొంతు చెడితే నాకూ అట్లనే కలిసొస్తదనుకునేవు, తంత. మీ రాక్‌ల గర్జించినట్టు పాడేది గొంతు పిసికి తీసేది కాదట, నేర్పేటోళ్లు ఉన్నరట, అసలు మడతల మీద భారం పడకుండ వాటి మీదున్న మడతలతోని తియ్యొచ్చట. ఫీజు నేను కడ్త. యూట్యూబ్ చూసి చెయ్యకు.

పాడే ముందు పెదాలు బుర్రుమనిపించు. చిన్నప్పుడు వాకిట్ల లారీ నడిపినట్టు చేసేదానివి చూడు, అదే, కిందికెల్లి పైదాకా, పది నిమిషాలు. మాటిమాటికి గొంతు సవరించకు. నొప్పి తెల్వకుండ చేసే చప్పరింత గోళీలు ప్రోగ్రాం ముందు వద్దు, నొప్పి ఉన్నదంటే ఏదో చెప్తున్నట్టు. అర్ధరాత్రి మిర్చి బజ్జీలు తిని పండుకుంటే పుల్ల తేన్పులు గొంతుదాకా వచ్చి కాలుస్తయి. బజ్జీల కాడ నీ సంగతి నాకు తెల్సు గనుక రాస్తున్న. రెండు వారాలు దాటినా జీర పోకపోతే డాక్టరు కాడికి పో. ఇప్పుడు అద్దం గూడ కాదు, సన్న కెమెరా పెట్టి టీవీల చూపిస్తరు.

నువ్వు ఇంటర్‌ల ఉన్నప్పుడు నా గదిల గోడకు అతికిచ్చి పోయిన అమెరికా రాక్ సింగర్ టీనా టర్నర్ బొమ్మ ఇంకా ఉన్నది. సున్నం ఏసేటోడు తీస్తనంటే వద్దన్న. మొదట్ల నాకామె నచ్చలే, ఏం జుట్టు అది, ఏం గంతులు అనుకున్న. తర్వాత ఆమె చిన్నప్పుడు టెనెస్సీల పత్తి ఏరిందని సదివిన. అప్పటికెల్లి మనామె అయ్యింది. పత్తికాయ మొన గోరు కింద గుచ్చుకుంటే ఎట్లుంటదో నీకు నేను చెప్పాల్నా, మునుగోడు దిక్కు చేన్లల్ల నువ్వూ ఏరినవు. ఆమె అసలు పేరు అన్నా మే. టీనా అని పేరు పెట్టింది మొగడు, పెట్టి దాన్ని తన పేరు మీద రాయించుకున్నడు, ఈమె పోతే ఇంకొకామెను అదే పేరుతోని నిలబెట్టొచ్చని. ఖమ్మం పిల్ల యాదికొచ్చింది నాకు. 1976ల డాలస్‌ల 36 సెంట్లు చేతిల పట్టుకొని వాని కాడికెల్లి ఉరికింది. విడాకులల్ల ఆస్తి అడగలే, పైసలు అడగలే, పేరు అడిగింది. 1984ల ఆమె పాట అమెరికాల మొదటి స్థానానికి వచ్చేటాలకు 44 ఏండ్లు. పేపర్ల మీద సంతకం పెట్టేముందు ఇది యాది చేసుకో. మన దేశంల 2012ల కాపీరైట్ చట్టం మార్చినంక పాడినోళ్లకు గూడ రాయల్టీ హక్కు వచ్చింది. నా కాలంల కాయితమే లేకుండె, కట్టమీద కూసుని పైసలు లెక్క పెట్టిచ్చేటోళ్లు, తక్కువుంటే తక్కువే.

బట్టల సంగతి మీ నాయిన అడగమన్నడు. నేను అడగను. ఉషా ఉతుప్‌ను బడిల పాటల క్లాసుకు గొంతు పనికిరాదన్నరట. ఆమె 1969ల మద్రాసు నైట్‌క్లబ్బుల చీరె కట్టుకొని, బొట్టు పెట్టుకొని పాడింది, 2024ల పద్మభూషణ్ తీసుకున్నది. నువ్వు చీరె కట్టాలెనని కాదు చెప్పేది. ఆమెకు ఏది కడితే ఊపిరి మంచిగ ఆడిందో అది కట్టింది. నువ్వు గూడ నడుము బిగించేటియి ఏసుకోకు, పొట్టకు గాలి అందదు.

మొదటి ప్రోగ్రాం ఎప్పుడో చెప్పు, నేనొస్త. ముందు వరుస వద్దు. సౌండ్ మిక్సర్ ముందట కూసునే పిలగాని పక్కన కుర్చీ ఏయించు, వాని సంగతి నేను చూసుకుంట. మీ నాయినను గూడ తోలుకొస్త. రానంటడు. పొద్దున మళ్ల నేనే ఫోన్ చేసి, ఆ కాలం నాటి ఫ్లాస్కు ఏమైందిర అని అడిగిన. అటుక మీద, ఇత్తడి గంగాళంల, పాత దుప్పటి చుట్టి ఉన్నదట. నీకు బస్సుల పంపమన్న. బిరడా వదులైందట, గుడ్డ చుట్టి మూయాలెనట, లేకపోతే నీళ్లు చల్లారుతయట.

నీ మేనత్త