బ్యాంకు ఉద్యోగం వచ్చింది, నేవీ వదిలేయొచ్చా?

ప్రశ్న: మాది గాజువాక. మా పెద్దబ్బాయి 2018లో ఇంటర్ కాగానే నేవీలో సెయిలర్‌గా చేరాడు. ఉద్యోగం చేస్తూనే దూరవిద్యలో డిగ్రీ పూర్తి చేశాడు. యూనిట్‌లో ఎవరికీ చెప్పకుండా బ్యాంకు క్లర్కు పరీక్ష రాస్తే సెలెక్ట్ అయ్యాడు. మూడు నెలల జీతం కట్టేసి రాజీనామా చేయొచ్చని స్నేహితులు అంటున్నారట. తల్లికి ఒంట్లో బాగోలేదని రాసిస్తే త్వరగా వదిలేస్తారని ఇంకొకరు చెప్పారు. ఏం చేయమంటారు? చిన్నవాడేమో అగ్నివీర్‌కి వెళ్తానంటున్నాడు. వాడి సంగతి కూడా చెప్పండి.
– ఒక తల్లి, విశాఖపట్నం

జవాబు: అమ్మా, మీ అబ్బాయి స్నేహితులు చెప్పిన మూడు నెలల జీతం లెక్క సాఫ్ట్‌వేర్ కంపెనీలకు సరిపోతుంది. నేవీలో సెయిలర్ తనంతట తాను రాజీనామా ఇచ్చి బయటికి రావడం ఉండదు. డిపార్ట్‌మెంటే డిశ్చార్జ్ చేయాలి. 1957 నాటి నేవీ చట్టం ప్రకారం డిశ్చార్జ్ అయ్యేవరకు సర్వీసులో ఉండి తీరాలి. 2018లో చేరినవాళ్లలో ఎక్కువమందికి మొదటి ఎంగేజ్‌మెంట్, అంటే సర్వీసు చేస్తానని ఒప్పుకున్న గడువు, 15 ఏళ్లు. మీవాడిదీ అదే అయితే సంతకం పెట్టింది 2033 దాకా.

‘నచ్చిన ఉద్యోగం చేసుకునే హక్కు రాజ్యాంగం ఇచ్చింది కదా’ అని నన్ను అడిగే కుర్రాళ్లు ఉన్నారు. ఇచ్చిన మాట నిజమే. సాయుధ దళాల్లో ఉన్నవారికి ఆ హక్కుల్ని ఎంతవరకు తగ్గించాలో పార్లమెంటు నిర్ణయించవచ్చని 33వ అధికరణం చెబుతోంది. సరిగ్గా మీ అబ్బాయిలాగే, ఎయిర్‌ఫోర్స్‌లో ఉంటూ అనుమతి లేకుండా బ్యాంకు ఉద్యోగానికి దరఖాస్తు చేసిన ఒకాయన కేసు సుప్రీంకోర్టుదాకా వెళ్లింది. ఎంగేజ్‌మెంట్ మధ్యలో ఇష్టం వచ్చినప్పుడు వెళ్లిపోయే హక్కు లేదని కోర్టు 2019లో తేల్చింది. నేవీ ఆర్టిఫిసర్ల (సాంకేతిక పనులు చేసే సెయిలర్ల) విషయంలోనూ అంతే. గడువు పొడిగించడానికి ఒప్పుకొని తర్వాత వెనక్కి తగ్గుతామంటే కుదరదని 2000లోనే చెప్పింది.

సివిల్ ఉద్యోగానికి దారి అసలే లేదని కాదు. పరీక్ష రాయడానికి ముందే డివిజనల్ ఆఫీసర్ ద్వారా రిక్వెస్ట్ పెట్టుకోవాలి. అది కమాండింగ్ ఆఫీసర్‌ని దాటి, సెయిలర్ల పోస్టింగులూ డిశ్చార్జీలూ చూసే ముంబై బ్యూరోదాకా వెళ్తుంది. ఎన్‌వోసీ (అభ్యంతరం లేదనే పత్రం) వచ్చాకే ముందడుగు. ఇన్నేళ్ల సర్వీసు ఉండాలని, ఫలానా స్థాయికి తగ్గని పోస్టు అయి ఉండాలని షరతులుంటాయి. ఆ షరతులున్న ఆర్డర్లు చూపించమని డివిజనల్ ఆఫీసర్‌ని అడిగితే చూపిస్తారు. క్లర్కు పోస్టు కోసం వదులుతారని మాత్రం ఆశ పెట్టుకోవద్దు. అటు బ్యాంకు కూడా ఊరుకోదు. చేరే రోజున పాత చోటి నుంచి డిశ్చార్జ్ కాగితం అడుగుతుంది. సెలవు పెట్టి వచ్చి బ్యాంకులో చేరిపోదాం, తర్వాత చూసుకుందాం అనుకుంటే అది డిజర్షన్ (సర్వీసు వదిలి పారిపోవడం) కిందికి వస్తుంది. ఆ పని మాత్రం కలలో కూడా చేయొద్దని చెప్పండి.

మీ ఆరోగ్యం పేరు చెప్పడం గురించి. ఇంట్లో నిజంగా దిక్కులేని పరిస్థితి ఉన్నవాళ్ల కోసం కంపాషనేట్ గ్రౌండ్స్ మీద డిశ్చార్జ్ ఉంది. దానికి విచారణ జరుగుతుంది. మీకు బీపీ, షుగర్ ఉన్నాయని రాసిచ్చి, ఆ వెంటనే అబ్బాయి బ్యాంకులో చేరితే ఏమనుకుంటారో మీరే ఆలోచించండి.

ఇప్పుడు డబ్బు లెక్కకు వద్దాం. కుర్రాళ్లు తప్పటడుగు వేసేది ఇక్కడే. సెయిలర్‌కి పెన్షన్ రావాలంటే 15 ఏళ్ల సర్వీసు ఉండాలి. దానికి ముందే సొంత కోరిక మీద బయటికొస్తే పెన్షన్ పోతుంది, దాంతోపాటు ‘మాజీ సైనికుడు’ అనే హోదా కూడా పోతుంది. కేంద్ర నిబంధనల్లో సొంతంగా వెళ్లిపోయినవారికి ఆ హోదా దక్కాలంటే పెన్షన్ వచ్చేంత సర్వీసు చేసి ఉండాలి. హోదా పోతే ఉద్యోగాల్లో మాజీ సైనికుల కోటా లేదు, వయసు సడలింపూ లేదు.

అదే 2033 దాకా ఉంటే? పద్దెనిమిదేళ్లకు చేరాడనుకుంటే అప్పటికి 33 ఏళ్లుంటాయి, నెలనెలా పెన్షన్ చేతికొస్తుంది. ఇప్పుడు వచ్చిన ఇదే క్లర్కు ఉద్యోగానికి ప్రభుత్వ బ్యాంకుల్లో మాజీ సైనికులకు 14.5 శాతం కోటా ఉంది. మామూలు వయోపరిమితి 28. దానికి సర్వీసు చేసిన 15 ఏళ్లు, ఆపైన ఇంకో 3 కలిపితే 46 దాకా అర్హత ఉన్నట్టే. అంటే పెన్షన్ తీసుకుంటూనే ఈ జీతం కూడా అందుకోవచ్చు. ఎంగేజ్‌మెంట్ ముగియడానికి ఏడాది ముందు నుంచే మాజీ సైనికుల కోటాలో దరఖాస్తు చేసుకోనిస్తారు కాబట్టి ఖాళీగా కూర్చోవాల్సిన పనీ ఉండదు. మల్కాపురం, సింధియా వైపు ఇలా రెండో ఉద్యోగం చేస్తున్న మాజీ నేవీవాళ్లు మీకే ఎవరో ఒకరు తెలిసి ఉంటారు. వాళ్లతో ఒక పూట మాట్లాడించండి, నా ఉత్తరం కంటే బాగా పనిచేస్తుంది.

కాబట్టి ఈ క్లర్కు ఆఫర్ వదిలేయమనే అంటాను. బాధగా ఉంటుంది, కష్టపడి చదివాడు కదా. ఆ డిగ్రీ మాత్రం వృథా కాదు. సెయిలర్ నుంచి ఆఫీసర్ కావడానికి నేవీలోనే సీడబ్ల్యూ (కమిషన్ వర్తీ) స్కీమ్ ఉంది. వయసు పరిమితి ఉంటుంది కాబట్టి వెంటనే కనుక్కోమనండి. బయట ఉద్యోగమే కావాలనుకుంటే ఆఫీసర్ స్థాయి పోస్టులకు, ఈసారి అనుమతి తీసుకుని రాయమనండి.

ఇక చిన్నవాడు. అన్నకు వర్తించేవి వీడికి వర్తించవు, ఇంట్లో ఇద్దర్నీ ఒకే గాటన కట్టొద్దు. అగ్నివీర్లను తీసుకునేది 2022లో వచ్చిన అగ్నిపథ్ స్కీమ్ కింద, అందులో సర్వీసు నాలుగేళ్లు. తర్వాత రెగ్యులర్ సర్వీసులోకి తీసుకునేది 25 శాతం వరకే. మిగతావారికి సేవానిధి (తన జీతంలో కోత, ప్రభుత్వ వాటా కలిపి జమయ్యే నిధి) కింద దాదాపు 11.71 లక్షలు వస్తాయి. పెన్షన్, గ్రాట్యుటీ, మాజీ సైనికుడి హోదా ఉండవు. నాలుగేళ్లు నిండకుండా సొంతంగా బయటికి రావడం అసాధారణ పరిస్థితుల్లో, పై అధికారుల అనుమతితోనే. అలా వచ్చినా సేవానిధిలో తన వాటా, దాని మీద వడ్డీయే ఇస్తారు, ప్రభుత్వ వాటా ఇవ్వరు. కేంద్ర సాయుధ పోలీసు బలగాల్లో, కోస్ట్‌గార్డ్‌లో, హిందుస్థాన్ షిప్‌యార్డ్ లాంటి రక్షణ సంస్థల్లో అగ్నివీర్లకు 2022లో 10 శాతం రిజర్వేషన్ ప్రకటించారు. వాడికి వాటిలో ఏదైనా ఇష్టమైతే వెళ్లనివ్వండి. చేరిన మొదటి ఏడాదే దూరవిద్యలో డిగ్రీకి కట్టించండి, నాలుగేళ్లు తిరిగేసరికి చేతిలో సర్టిఫికెట్ ఉంటుంది.