‘ఏటి గుర్తు’ అంటే ఏ గుర్తు?

సందేహం: నమస్కారమండీ. మాది శ్రీకాకుళం. నేనొక కథ రాస్తున్నాను. అందులో ఒక తాళపత్ర గ్రంథం వస్తుంది. అలాంటి పుస్తకం ఎక్కడా లేదు, పూర్తిగా నా కల్పనే. నాగావళిలో పడిన శబ్దాలన్నిటినీ నీరు దాచుకుంటుందనీ, ఎండాకాలంలో ఇసుకలో చెలమ తవ్వి చెవి ఒగ్గితే అవి మళ్లీ వినిపిస్తాయనీ ఆ గ్రంథం చెబుతుంది. దానికి ‘జలనాదస్మృతి’ అని పేరు పెట్టాను. ‘నాదజలస్మృతి’ అన్నా అర్థం అదేనా? ‘నీటినాదస్మృతి’ అంటే తెలుగూ సంస్కృతమూ పొసగని వైరిసమాసం అవుతుందా? కథకేమో ‘ఏటి గుర్తు’ అని పెడితే మా బావ చదివి ‘ఏ పార్టీదేటి?’ అని నవ్వాడు. ‘ఏటి’ శీర్షికలో పెట్టకూడనంత నాటు మాటా?

సమాధానం: మీ బావగారి నవ్వుతోనే మొదలుపెడతాను. మీ ప్రశ్నలో అసలు రుచి అక్కడే ఉంది.

మీ వైపు ‘ఏటి’ అనగానే ‘ఏమిటి’ అనే తోస్తుంది. ఓట్ల రోజుల్లో ‘మీదేటి గుర్తు?’ అని అడగడం మామూలే. కాబట్టి ఆయన తప్పు చదవలేదు. అయితే ఈ రూపానికి మరో రెండు పుట్టుకలున్నాయి. ‘ఏరు’ అన్న మాట విభక్తి ముందు ‘ఏటి’ అవుతుంది. నీరు నీటి అయినట్టు, నోరు నోటి అయినట్టు. ఆ ‘టి’ని వ్యాకరణంలో ఔపవిభక్తికం అంటారు. సంవత్సరం అనే అర్థంలోని ‘ఏడు’ కూడా ‘ఏటి’గానే మారుతుంది. ‘ఏటికేడు ధరలు పెరుగుతున్నాయి’ అనడం లేదూ? మీ సంగాం దగ్గర నాగావళి, సువర్ణముఖి, వేగవతి కలిసినట్టు మూడు మాటలు వచ్చి ఒక్క ‘ఏటి’లో కలిశాయి. నది, కాలం, ప్రశ్న. నీటినీ జ్ఞాపకాన్నీ కలిపి కథ రాసేవారికి ఇంతకన్నా మంచి మాట ఎక్కడ దొరుకుతుంది? నేనైతే వదులుకోను.

నాటు అన్నదానికి నేను ఒప్పుకోను. ‘ఏమిటికి’ కుదించుకుపోయి ‘ఏటికి’ అయింది. ‘ఎందుకు’ అనే అర్థంలో ఇది పాత పద్యాల నిండా ఉంది. పద్యంలో కనిపిస్తే ప్రౌఢం, పాలకొండ బస్సులో వినిపిస్తే నాటు అనడం ఏం న్యాయం? 1863లో మీ శ్రీకాకుళం దగ్గరే పర్వతాలపేటలో పుట్టిన గిడుగు రామమూర్తి గారు జనం మాట్లాడే భాష కోసం జీవితమంతా వాదించారు. ఆయన పుట్టిన చోటే ‘ఏటి’ రాయడానికి మొహమాటపడితే ఎలాగండీ?

శీర్షికలో చిక్కు ‘ఏటి’ వల్ల వచ్చింది కాదు, ‘గుర్తు’ వల్ల వచ్చింది. ఆనవాలు, జ్ఞాపకం, పార్టీ గుర్తు అన్నీ ఆ మాటలోనే ఉన్నాయి. పైగా ‘ఏటి గుర్తు’ అంటే ఏరు గుర్తుపెట్టుకున్నదా, ఏరు మనకు గుర్తుండడమా? ‘అమ్మ జ్ఞాపకాలు’ అన్నప్పుడూ ఇంతే: అమ్మ నెమరేసుకున్నవీ కావచ్చు, అమ్మను గురించి మనం నెమరేసుకునేవీ కావచ్చు.

మీ సంస్కృతం పేరులోనూ ఇదే తిరకాసు ఉంది. జలస్మృతి అంటే జలం స్మరించడమా, జలాన్ని స్మరించడమా? షష్ఠీ విభక్తి కర్తకూ వస్తుంది, కర్మకూ వస్తుంది. పాణిని ‘కర్తృకర్మణోః కృతి’ అని రెండింటికీ కలిపి ఒకే సూత్రం చేశాడు. సమాసంలో విభక్తి ఎలాగూ లోపిస్తుంది గనక ఏది కర్తో చెప్పే ఆధారం మిగలదు. ‘జలనాదం’ దగ్గర మరో పేచీ ఉంది. అది నీటి సొంత చప్పుడు. మీ గ్రంథం చెప్పేది నీరు దాచుకున్న ఇతరుల శబ్దాల సంగతి కదా! ‘నాదజలం’ అని తిప్పితే నాదమనే జలం అని రూపకం అవుతుంది. రెండు పేర్లకూ అర్థం ఒకటి కాదు, మీ కథకు రెండూ అతకవు. పైగా ‘స్మృతి’ చివర ఉంటే మనుస్మృతి, యాజ్ఞవల్క్యస్మృతి వరసలో ఇదేదో నీటి తగాదాల ధర్మశాస్త్రం అనుకునే ప్రమాదం కూడా ఉంది.

సంస్కృతం పేరే కావాలంటే ‘జాతిస్మరుడు’ అన్న మాట చూడండి. జాతిని, అంటే పూర్వజన్మను, స్మరించేవాడు. ఎవరు స్మరిస్తున్నారో, దేన్ని స్మరిస్తున్నారో అందులో అనుమానం లేదు. ఆ పద్ధతిలో శబ్దాన్ని స్మరించేది ‘శబ్దస్మరం’. జలం నపుంసకలింగం కాబట్టి ‘స్మరం’ సరిపోతుంది. ‘నాదస్మరం’ ఇంకా బాగుంటుంది గానీ, ప్రూఫులు దిద్దేవారు దాన్ని తప్పకుండా ‘నాదస్వరం’ చేసేస్తారు. ఆ టెన్షన్ మీకెందుకు?

‘నీటినాదస్మృతి’ వైరిసమాసం కాదు. 1858లో వచ్చిన చిన్నయసూరి బాలవ్యాకరణం సాంస్కృతికం, ఆచ్ఛికం (తెలుగు మాటలది), మిశ్రం (రెండూ కలిసినది) అని సమాసాలు మూడు రకాలన్నది. ముందు తెలుగు మాట ఉండి వెనక సంస్కృతం మాట వస్తే ఇబ్బంది లేదు. నీటి సమస్య, నీటి ప్రవాహం అని రోజూ అంటున్నాం. తిరగేసి ‘జలచప్పుడు’ అంటే మాత్రం వ్యాకరణం తెలియనివారి చెవికి కూడా గుచ్చుకుంటుంది.

ఇక కథ పేరు. తెలుగులో జ్ఞాపకం ఎవరికి ఉందో వారికి ‘కు’ పెడతాం. నాకు గుర్తుంది, అమ్మకు గుర్తు లేదు. సంస్కృత సమాసం దాచేసిన కర్తను మన ‘కు’ బయటపెడుతుంది. ‘ఏటికి గుర్తుంది’ అనండి. క్రియ రాగానే పార్టీ గుర్తు తప్పుకుంటుంది, గుర్తుపెట్టుకున్నది ఏరేనని తేలుతుంది. ‘ఏటికి’లో ‘ఎందుకు’ అన్న ప్రశ్న కొద్దిగా తొంగిచూస్తూనే ఉంటుంది, అది ఉండనివ్వండి.

నీటికి జ్ఞాపకశక్తి ఉందన్న వాదం సైన్సులో కూడా ఒకసారి లేచింది. 1988లో బెన్వెనిస్త్ అనే ఫ్రెంచి శాస్త్రవేత్త నేచర్ పత్రికలో అచ్చువేయించారు. తర్వాతి పరీక్షల్లో అది నిలవలేదు. మీది కథ కాబట్టి మీకు ఆ బాధ లేదు.

మీరు అడగలేదు గానీ మరొకటి చెప్పాలి. గ్రంథంలో ఉన్నాయని మీరు రాసిన మాటల్లో శబ్దం, నాదం తప్ప వేరే చప్పుడే లేదు. ఈ రెండూ చెవికి ఏమీ వినిపించవు. ఒడిశాలోని కలహండి కొండల్లో దిగే నాగావళి గలగలమంటుంది. చెంబు ముంచితే బుడబుడమంటుంది, చేయి జారితే బుడుంగున మునుగుతుంది. తడిబట్టను రాతిమీద బాదితే దభీదభీమంటుంది. చెలమలో ఊట చెమ్మగిల్లేటప్పుడు ఏ చప్పుడూ ఉండదు, కడవ నింపేటప్పుడే గుబగుబ వినిపిస్తుంది. ఈ అనుకరణ పదాలే మీ గ్రంథానికి అసలు సరుకు. వాటిని రేవులో బట్టలుతికేవారి నోట విని రాసుకోండి, నిఘంటువులో వెతక్కండి.

నదికి లాంగుల్య అన్న పాత పేరు ఉంది కదా, అది తాళపత్రం మీద బాగుంటుంది. సంభాషణల్లో మాత్రం పెట్టకండి. పడవవాడు ‘లాంగుల్యకు వరదొచ్చింది’ అంటే ఎవరూ నమ్మరు. ‘ఏటికి నీరొచ్చింది’ అంటాడు.